అడుగున్నర ఫిలిం

యోనా చేతులు ఫిలింను అంచుల దగ్గర తప్ప మధ్యలో తాకవు. బెంచీకి ఎడమవైపు ఒక చక్రం, కుడివైపు ఒక చక్రం, మధ్యలో అడుగున దీపం వెలిగే పాలగాజు పలక. కుడి చక్రం పిడి తిప్పుతుంటే ఫిలిం అతని బొటనవేలికీ చూపుడువేలికీ మధ్యగా జారిపోతుంది. కంపెనీవాళ్ళు తెల్ల నూలు గ్లవుజులు ఇచ్చారు. కుడిచేతి గ్లవుజుకి చూపుడువేలి కొసని మాత్రం మొదటి వారంలోనే కత్తిరించేశాడు. ఫిలిం అంచుల్లోని చిల్లులు వేలికి తెలియాలి. చిరిగిన చిల్లు దగ్గర వేలు ముందు ఆగుతుంది. కన్ను తర్వాత వస్తుంది.

ఐరిష్ రాజధాని అంచున, లెపర్డ్స్‌టౌన్‌లో అద్దాల ఆఫీసుల వెనక, కిటికీలు లేని షెడ్డు అది ఒక్కటే. తొంభై ఏళ్ళ నాటి ఫిలిం వేడికి ఓర్చుకోదు. అంటుకుంటే నీళ్ళలో కూడా మండుతుంది. అందుకని లోపల ఎప్పుడూ చలే. కోసిపారేసిన ముక్కలు ఏవైనా ఉంటే వేయడానికి బెంచీ కింద నీళ్ళు పోసిన ఇనప డబ్బా, దానికో మూత.

పెట్టెల్లో వచ్చేవన్నీ మాట రాని కాలపు వార్తాచిత్రాలు. పశువుల సంత, కాలవ గట్టున బట్టలుతికే ఆడవాళ్ళు, బడి గేట్లోంచి ఉరికొచ్చే పిల్లలు, చర్చి మెట్లమీద పెళ్ళివారు. వాటి వెనకే కందకాలు, చచ్చిపడిన గుర్రాలు, మంచాలమీద కట్లతో మనుషులు. అందరూ కెమెరాకేసి చూస్తారు. గొడ్డు అమ్ముకోవడానికొచ్చిన ముసలాయనా చూస్తాడు, కాలు పోయిన సిపాయీ చూస్తాడు. యోనా వాళ్ళకేసి చూడడు. చీమకుర్తి టూరింగు హాల్లో పాతికేళ్ళు ప్రొజెక్టరు నడిపిన మనిషి. బొమ్మ, హాల్లో నేలమీద కూర్చున్నవాళ్ళది. ఆపరేటరుది చిల్లు.

సోమవారం అతను టాలట్‌లో బస్సు దిగి ఇంటికొచ్చేసరికి భార్య సంతోషకుమారి డ్యూటీ నుంచి వచ్చి వంకాయలు కోస్తోంది. నర్సు బట్టలు ఇంకా మార్చుకోలేదు. కూతురు సహస్ర వంటింటి బల్ల దగ్గరే లెక్కలు చేసుకుంటోంది.

"ఏమయ్యా, నీ పెట్టెల్లో ఓడ బొమ్మలు ఏమన్నా వచ్చినయ్యా?"

"వస్తానే ఉంటయ్."

"వస్తానే ఉంటయ్ అంటే కాదు. నార్త్ వాల్ రేవంట. సిపాయిలు ఓడెక్కేది. మా ముసలోళ్ళ హోమ్‌లో మిస్ ట్రేసీ లేదూ, కిటికీ కాడ మంచం, తొంభై ఏళ్ళావిడ. వాళ్ళ నాయన అందులో ఉన్నాడంట."

"ఈజ్ దట్ ద లేడీ విత్ ద బ్రెడ్, మమ్?" అంది సహస్ర తల ఎత్తకుండానే.

"ఆ, ఆవిడే. నువ్వు లెక్కలు చూసుకో." సంతోషకుమారి కత్తి పక్కన పెట్టింది. "మొదటి యుద్ధం అప్పుడు. ఈమె చంటిపిల్ల, తల్లి చంకలో ఉంది. ఆ తల్లి అప్పుడే కాల్చిన రొట్టె తెల్లగుడ్డలో చుట్టుకోనిపోయి, సిపాయిల వరసలోకి దూరి, మొగుడి చంకలో పెట్టిందంట. ఆయన బల్లమీదుగా ఓడెక్కుతా ఎక్కుతా, సగానికిపోయి, వెనక్కి తిరిగి, టోపీ తీసి, వీళ్ళిద్దరికేసి చూశాడంట. ఆ ముక్క సినిమాలో పడింది. వారం తిరక్కుండా హాల్లో ఏశారు. తల్లి మూడు రోజులు మూడుసార్లు పోయి చూసింది. నాలుగోరోజుకి రీలు వేరే ఊరు పోయింది. ఆయనా మళ్ళా రాలా."

"ఫోటో లేదా?"

"ఉన్నదాన్ని తల్లే పొయ్యిలో పెట్టిందంట. తర్వాత ఇక్కడ ఇంగ్లీషోళ్ళ మీద తిరగబడ్డారు గదా. ఇంగ్లీషు సైన్యం యూనిఫారంలో ఉన్న మనిషి గోడమీద కనపడితే ఇల్లు తగలబెడతారని భయం. కన్న నాయన మొకం ఈమె ఇంతవరకూ చూడలా."

యోనా నీళ్ళ గ్లాసు ఎత్తి, తాగకుండా కింద పెట్టాడు. నార్త్ వాల్ అని రాసిన పెట్టె అతనికి గుర్తుంది. చేరిన కొత్తలో చేశాడు.

"చూస్తాలే," అన్నాడు.

"చూస్తాలే ఏంది, నేను చెప్పేశా! మా మేట్రన్ మీ ఆఫీసుకి ఫోన్ గూడా చేసింది. శుక్రవారం మూడింటికి చూపిస్తామన్నారంట. పొద్దుట్నుంచి ఆ మనిషి అన్నం తినలేదయ్యా, సంబరానికి. జుట్టు ఎట్టా దువ్వుకోవాల అని అడుగుతంది."

మంగళవారం అతను వెళ్ళేసరికే దీక్షిత్ ఆ రీలు తెరమీద పెట్టుకుని కూర్చున్నాడు. దీక్షిత్‌ది వరంగల్. ముప్ఫై దాటలేదు. ఫిలింని కంప్యూటర్లోకి ఎక్కించే పని అంతా అతని కింద నడుస్తుంది.

"అంకుల్, మీ మేడమ్ పుణ్యమా అని మనం ఫేమస్ అయితున్నం. పైనోళ్ళు మస్తు ఖుష్. రండ్రి, రొట్టె ఉన్నాయన ఏడున్నడో చూద్దాం."

రేవు. పక్కన ఓడ నల్లటి గోడలాగా. వరసలో సిపాయిలు, భుజాలకి తుపాకులు. గట్టుమీద ఆడవాళ్ళు, టోపీల పిల్లలు. ఒక కుక్క వరసకి అడ్డంపడి పరిగెత్తింది. ఏటవాలుగా వేసిన బల్లమీదికి ఒక్కొక్కడే ఎక్కుతున్నాడు. పదోవాడో పదకొండోవాడో, ఎడమ చంకలో తెల్లగా మూట.

"గదిగో!" అన్నాడు దీక్షిత్.

ఆ మనిషి వీపు బల్లమీద నాలుగడుగులు వేసింది. కుడి భుజం కొంచెం కదిలింది. అంతే, బొమ్మ ఒక్క ఎగురు ఎగిరింది. మనిషి మూడడుగులు పైనున్నాడు. టోపీ తలమీద లేదు, చేతిలో ఉంది. వీపు వీపుగానే ఓడలోకి పోయాడు.

"అరె. కట్ అయ్యింది."

యోనా తన బెంచీ దగ్గరికిపోయి, పెట్టెలోంచి రీలు తీసి, చక్రానికి ఎక్కించాడు. తిప్పాడు. అతుకు దగ్గర వేలు ఆగింది. పలకమీద పెట్టి వంగి చూశాడు. అక్షరాల్లాగే అతుకులూ ఎవరివి వాళ్ళవి. ఈ అతుకుని గీకిన బ్లేడు గీత కొంచెం కిందికి, ఎడమకి వాలి ఉంది. అతని బొటనవేలికి పాత దెబ్బ ఉంది, దానివల్ల బ్లేడు ఎప్పుడూ అటే వాలుతుంది.

చేరిన మూడోరోజు. అడుగున్నర మేర చిల్లులు వరసగా చిరిగి ఉన్నాయి. చీమకుర్తిలో అయితే అలాంటి ముక్క ప్రొజెక్టరు గేటులో పట్టేసుకుంటుంది, దీపం వేడికి మాడిపోతుంది, జనం ఈలలు వేసి కుర్చీలు విరగ్గొడతారు. కత్తిరించు, గీకు, ఫిలిం సిమెంటు పుయ్యి, నొక్కిపెట్టి ఇరవై లెక్కపెట్టు. చేతులు వాటంతట అవే చేశాయి. అయిదోరోజున ఒక ఐరిష్ ఆవిడ వచ్చి పని నేర్పింది. చిరిగిన చిల్లుకి టేపుతో కొత్త అంచు కట్టాలి, ఎంత పాడైనా సరే ఒక్క ఫ్రేము కొయ్యకూడదు, అంది. యోనా తల ఊపాడు. అప్పటికే ఒకటి కోశానని చెప్పడానికి నోరు రాలేదు. తర్వాత మరిచిపోయాడు.

దీక్షిత్ టీ కోసం బయటికి పోయాక బెంచీ కిందికి వంగి ఇనప డబ్బా మూత తీశాడు. నీళ్ళు గోధుమరంగులో ఉన్నాయి. నీళ్ళలో వేసింది ఈ ఆరువారాల్లో అదొక్కటే. చొక్కా చెయ్యి మడిచి లోపల వెతికాడు. ముక్క దొరికింది. దీపం మీద పెట్టాడు. పొడుగ్గా, శుభ్రంగా, గాజులాగా ఉంది. బొమ్మ అంతా కరిగి, నీళ్ళమీద తరకలాగా తేలుతోంది. వేలితో తాకితే ఆ తరక కూడా విడిపోయింది.

చిల్లులు లెక్కపెట్టాడు. ఫ్రేముకి నాలుగు. ఇరవై నాలుగు ఫ్రేములు. చేత్తో తిప్పిన కెమెరా సెకనుకి పదహారే తీస్తుంది కాబట్టి, ఒకటిన్నర సెకను. ఒక మనిషి వెనక్కి తిరిగి టోపీ తీసి మళ్ళీ ముందుకి తిరగడానికి సరిపోతుంది.

ఆ ముక్క ఆరోజు అతని చేతిలో ఒక నిమిషమైనా ఉండి ఉంటుంది. ఇలాగే, ఇదే దీపం మీద. కళ్ళు మూసుకుని గుర్తుచేసుకోవాలని చూశాడు. చిల్లులు గుర్తున్నాయి. మూడో చిల్లు మూల చీలిన తీరు, ఏడోది పూర్తిగా ఊడిన తీరు. వాటి మధ్యన ఏముందో గుర్తులేదు. ముక్కని మళ్ళీ నీళ్ళలోకి వదిలి మూత పెట్టాడు.

గురువారం మధ్యాహ్నం దీక్షిత్ అతన్ని కేకేసి పిలిచాడు.

"అంకుల్, జల్ది రండ్రి. మ్యాజిక్ చూపిస్త."

తెరమీద రేవు, కుక్క, బల్ల. తెల్లమూట మనిషి నాలుగడుగులు వేశాడు. కుడి భుజం కదిలింది. ఈసారి ఎగురు లేదు. టోపీ తలమీంచి చేతిలోకి మెత్తగా జారింది. మనిషి నెమ్మదిగా, తిన్నగా, ఆగకుండా ఓడలోకి నడిచిపోయాడు.

"కట్ ఏడుందో చెప్పుండ్రి? ముందు ఫ్రేమ్, ఎనక ఫ్రేమ్ చూసి నడుమ ఉన్నయన్నీ సాఫ్ట్‌వేరే గీసింది. మక్ఖన్ లెక్క లేదూ?"

"తిరగలేదు గదా," అన్నాడు యోనా.

"ఎవరు?"

"ఆయన. వెనక్కి తిరిగాడు. భుజం చూడు, తిరగబోతన్నాడు."

దీక్షిత్ ఒకసారి వెనక్కి నడిపి చూశాడు. "ఉండొచ్చు. గని మెషీన్‌కి ఉన్నదే తెలుస్తది అంకుల్. లేని మొఖం ఏడికెల్లి తెస్తది? ముసలామెకి నాయన నడుసుకుంట పోతుంటే చూసుడే ఎక్కువ. ఎగిరిపడే బొమ్మ చూపిస్తే పాపం పరేషాన్ అయితది."

ప్రతి పెట్టెలోనూ ఒక పచ్చకాగితం ఉంటుంది. లోపం, కారణం, దృశ్యం, చూసినవారు అని నాలుగు గడులు. దీక్షిత్ పెన్ను తీసి కారణం గడిలో, వచ్చినప్పుడే ఇలా ఉంది, అని రాశాడు. చివరి గడిలో ఆరువారాల కిందటి యోనా సంతకం ఉంది.

"ఎన్కటి ఆపరేటర్ గాడెవడో కోసిండు. చిరిగింది గదా అని కస్సున కోసి పారేసుడే. వాళ్ళకి బొమ్మల మీద పాయిరం ఉంటదా ఏమన్ననా!"

యోనా గ్లవుజు కొసలోంచి బయటికొచ్చిన తన వేలికేసి చూసుకున్నాడు. చెప్పబోయాడు. దీక్షిత్ అప్పటికే డిస్కు కాపీ చేస్తూ పాట కూనిరాగం తీస్తున్నాడు.

శుక్రవారం హోమ్‌లో పగటి గదిలో టీవీ ముందు పన్నెండు కుర్చీలు వేశారు. టీ, బిస్కెట్లు. సంతోషకుమారి మిస్ ట్రేసీని చక్రాల కుర్చీలో ముందు వరసకి తోసుకొచ్చింది. నీలం స్వెట్టరు, మెడలో శిలువ, పెదవులకి పల్చగా రంగు. చిన్నమనిషి. చెవులు మాత్రం పెద్దవి, తెల్లజుట్టు దాటి బయటికి వచ్చి ఉన్నాయి. యోనా చెయ్యి పట్టుకుని ఊపింది.

"ఫిలిం మనిషివి నువ్వేనా? మీ ఆవిడ నీ గురించి చెబుతూనే ఉంటుంది. ఇంట్లో ఒక్క మాట మాట్లాడవటగా!" అంది ఇంగ్లీషులో. వెనక కూర్చున్న ముసలాయన ఒకాయన, అదృష్టవంతురాలు, అని నవ్వాడు.

దీక్షిత్ డిస్కు పెట్టాడు. బొమ్మ మొదలవగానే కుక్క బాగుందని ఒకరు, రేవులో ఆ షెడ్డు ఇప్పటికీ ఉందని ఒకరు. యోనా తలుపు పక్కన నిలబడ్డాడు. తెరకేసి చూడలేదు. మిస్ ట్రేసీ చెయ్యి కుర్చీ పిడిమీద ఎలా ఉందో చూస్తున్నాడు. ఆ చెయ్యి గబుక్కున పైకి లేచింది.

"రొట్టె! అదే రొట్టె!"

తెల్లమూట బల్ల ఎక్కింది. టోపీ మెత్తగా జారింది. ఓడ ఆ మనిషిని మింగేసింది. తర్వాతివాడు ఎక్కాడు, ఆ తర్వాతివాడు. బొమ్మ అయిపోయింది.

"ఇంకోసారి వేస్తావా బాబూ?" అంది.

వేశాడు. మూడోసారీ వేశాడు. మూడోసారి ఆమె ముందుకి వంగి, మొహం తెరకి మూరెడు దూరంలో పెట్టుకుని చూసింది. తర్వాత వెనక్కి వాలి, ఒడిలోని కాగితపు రుమాలుని మడవడం మొదలుపెట్టింది. సగానికి, మళ్ళీ సగానికి.

"తిరగలేదు," అంది.

దీక్షిత్ రిమోట్‌తో బొమ్మ ఆపాడు.

"అమ్మ కల్పించి చెప్పిందన్నమాట. చిన్నపిల్లని కదా, ఏదో ఒకటి ఇవ్వాలి." రుమాలు ఇంక మడత పడలేదు. "అమ్మని తప్పుపట్టను. ఆయన మమ్మల్ని చూడకుండానే పోయాడని ఎలా చెబుతుంది? చాలా బాగుంది బాబూ. గ్రాండ్. మీ అందరికీ చాలా థాంక్స్."

సంతోషకుమారి కుర్చీ వెనక్కి తిప్పబోయింది.

"కుమారీ, ఆగు," అన్నాడు యోనా. తలుపు దగ్గర్నుంచి వచ్చి కుర్చీ ముందు నిలబడ్డాడు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. "చెప్పు ఆమెకి. ఆయన తిరిగాడు. తిరిగిన ముక్క చిరిగి ఉంటే నేనే కోశా. కోసి నీళ్ళలో ఏశా. కరిగిపోయింది. అతికినట్టు కనపడేది మిషను గీసింది. వాళ్ళమ్మ చెప్పింది నిజం."

సంతోషకుమారి కుర్చీ పిడి వదిలేసింది. "నువ్వా?" అంది చిన్నగా.

"నేనే. చెప్పు."

చెప్పింది. ఆమె ఇంగ్లీషు మామూలుగా గడగడా సాగేది. ఈసారి ఒక్కొక్క మాటా పెట్టి చెప్పింది. దీక్షిత్ చేతిలో రిమోట్ అలాగే ఉంది.

మిస్ ట్రేసీ యోనాని చాలాసేపు చూసింది. కోపం కోసం యోనా ఎదురుచూశాడు. ఆమె కళ్ళలో వచ్చింది కోపం కాదు.

"అయితే నువ్వు చూశావు," అంది. "మా నాన్నని. ఎలా ఉన్నాడు?"

ఆ మాత్రం ఇంగ్లీషు యోనాకి తెలుసు. తల అడ్డంగా ఊపబోయి ఆగి, భార్యకేసి తిరిగాడు.

"చూడలా. చిల్లులే చూశా. మొకం చూడలేదు కుమారీ. అదే చెప్పు, దాచబాక."

సంతోషకుమారి ఒక్క క్షణం అతనికేసి చూసింది. తర్వాత కుర్చీ పక్కన మోకాళ్ళమీద కూర్చుని, మిస్ ట్రేసీ రెండు చేతులూ తన చేతుల్లోకి తీసుకుంది. ఇప్పుడు ఇంగ్లీషు గడగడా వచ్చింది.

"చూశానంటున్నాడు. బాగా గుర్తుందంటున్నాడు. పూర్తిగా వెనక్కి తిరిగాడంట. టోపీ తీసి పైకెత్తాడంట. నుదురు వెడల్పు. నవ్వలేదంట కానీ నవ్వబోతున్నట్టు ఉన్నాడంట. గట్టుమీద ఒక్కచోటికే చూశాడంట, ఇంక ఎటూ చూడలేదంట."

యోనాకి అన్ని మాటలూ అర్థమయ్యాయి. దీక్షిత్‌కి రెండు భాషలూ అర్థమయ్యాయి. తల దించుకుని రిమోట్ బ్యాటరీ మూత తీశాడు, పెట్టాడు.

మిస్ ట్రేసీ తన చేతిని విడిపించుకుని, జుట్టు వెనక్కి తోసి, చెవి చూపించింది. యోనాకేసే చూస్తూ, మాటల్లేకుండా అడిగింది. ఇలాగేనా?

దానికి మధ్యమనిషి అక్కర్లేదు. యోనా ఆ చెవికేసి చూశాడు. పల్చటి అంచు, దానిమీద సన్నటి నరాలు, కిటికీ వెలుతురు పడి లోపల ఎర్రగా ఉంది. ఒక మొహంలో ఒక భాగాన్ని అంతసేపు అతను ఎప్పుడూ చూడలేదు.

తల ఊపాడు.

"అమ్మ చెప్పేది," అంది ఆమె. మడిచిన రుమాలుతోనే కళ్ళు తుడుచుకుంది. "చెవులు పట్టుకుని ఎత్తొచ్చు ఆయన్ని అనేది."

ఇంటికి నడుస్తూ ఇద్దరూ లువాస్ వీధిరైలు పట్టాల దగ్గర రైలు పోయేదాకా ఆగారు.

"ఎందుకట్టా చెప్పావు?" అన్నాడు.

సంతోషకుమారి పట్టాలకేసే చూస్తోంది. "నువ్వొకసారి కోశావు," అంది. "నన్ను గూడా కొయ్యమంటావా?"

రైలు పోయింది. పట్టాలు దాటారు.

సోమవారం యోనా గ్లవుజులు వేసుకోకుండా బెంచీ దగ్గర కూర్చున్నాడు. నార్త్ వాల్ పెట్టె తీసి, పచ్చకాగితం పాలగాజు పలకమీద పరిచాడు. దీక్షిత్ రాసిన మాటమీద అడ్డగీత గీసి, ఇంగ్లీషు పెద్దక్షరాల్లో, ఒక్కొక్కటీ కూడబలుక్కుంటూ, ఇరవై నాలుగు ఫ్రేములు, కోసింది యోనా, అని రాశాడు.

దీక్షిత్ వెనక నుంచి వచ్చి చదివాడు.

"అంకుల్, గిది పైకి పోతది. బెంచీ మీదికెల్లి తీసేస్తరు మిమ్మల్ని. ఎవరు అడిగిండ్రు చెప్పుండ్రి? ఆ అవ్వ కూడా అడుగలే."

"తెలుసు."

"నాకు తెల్సు, మీ మేడమ్‌కి తెల్సు. ఈడికి ఇడిసిపెట్టుండ్రి."

"ఎవరో ఆపరేటరు మీద రాశావు గదా, దీక్షిత్. ఆయన పేరు లేదు, ఊరు లేదు. సచ్చిపోయి ఎన్నాళ్ళయిందో. ఆయన ఈ రీలు కొయ్యలా. చిరిగినా అట్టాగే దాచిపెట్టాడు."

దీక్షిత్ తన తెర దగ్గరికి వెళ్ళిపోయాడు. మిషను గీసిన ఇరవై నాలుగు ఫ్రేములని తుడిచేస్తున్న చప్పుడు, మీట మీద మీట, వినబడింది.

దృశ్యం అన్న గడిలో యోనా, మనిషి వెనక్కి తిరుగుతాడు, టోపీ తీస్తాడు, అని రాశాడు. మొహం గురించి రాయడానికి ఇంకా చోటుంది. పెన్ను అక్కడ పెట్టి ఉంచాడు. సిరా చుక్క పెద్దదైంది. పెన్ను ఎత్తేశాడు.

చివరి గడిలో అతని సంతకం ఉంది. చూసినవారు, యోనా. దానిమీద గీత గీశాడు. కాగితం చిరిగేట్టు గట్టిగా కాదు, అక్షరాలు కింద కనబడేట్టే. పక్కన చోటు చాలక, అంచు వెంబడి రొట్టె ఇచ్చిన తల్లి పేరు రాశాడు.

మిసెస్ ట్రేసీ. మూడుసార్లు.